పరాయి చేలో కురిసిన వాన

కిందటి వారం కృష్ణవేణిని మనం చాలా ఇరకాటంలో వదిలేసి వచ్చాం. పొన్నవలసలో, సొంత పెరట్లో, కొబ్బరిచెట్టు మొదట్లో చతికిలబడి, మబ్బుని కట్టిన పలుపుతాడు ముంజేతికి చుట్టుకుని, కోసేవాడెవడో ముందుకు రండి అన్నట్టు ఊరి పెద్దల ముఖాల్లోకి చూస్తూ కూర్చుంది. పెద్దల చేతుల్లో కత్తి ఉంది. ఆమె మొగుడు చిట్టిబాబు పెళ్లాం పక్కనా నిలబడలేక, ఊరి పక్కనా నిలబడలేక, గుమ్మం దగ్గర గోడకి ఆనుకుని నేల చూపులు చూస్తున్నాడు. సరిగ్గా అప్పుడే పక్కింటి దేముడమ్మ జనాన్ని తోసుకుంటూ పెరట్లోకి అడుగుపెట్టింది. ఆ ఇంటి మనిషి ఈ ఇంటి గడప తొక్కి ఎన్నాళ్లయిందో ఊళ్లో ఎవరికీ గుర్తులేదు.

ఈ వారమే కథలోకి వచ్చినవాళ్లకి రెండు ముక్కలు చెప్పాలి. ఈ కథలోని ఉద్దానంలో ఇంటింటికీ పాడి ఉన్నట్టే మబ్బు ఉంటుంది. మహేంద్రగిరి మీద మేస్తుంది, దిగొచ్చి సముద్రంలో నీళ్లు తాగుతుంది, తన ఇంటివాళ్ల చేలో కురిసి మళ్లీ కొండెక్కుతుంది. ఇంట్లో ఎవరైనా పోతే, చితి అంటించే వేళకి ఆ ఇంటి మబ్బుని శ్మశానం మీదికి దింపి పొగ పట్టిస్తారు. అప్పట్నుంచీ పోయిన మనిషి ఆ మబ్బులో ఉంటారు. పేరు పెట్టి పిలిస్తే మబ్బు కిందికి దిగుతుంది. ఒట్టి మబ్బు ఎంత పిలిచినా దిగదు. నెల తిరక్కుండా దాన్ని చేలో కురిపించి, ఇంటిల్లిపాదీ వెళ్లి ఆ వానలో తడవాలి. తడిస్తే మనిషిని సాగనంపినట్టు. ఆ వానకి పండిన తొలి గింజ వండుకుని తింటే ఇక ఏడవకూడదని పెద్దవాళ్లు అంటారు. అనడానికేం, అంటారు.

కృష్ణవేణి తడవలేదు, సాగనంపలేదు. పంతొమ్మిదేళ్ల కూతురు యామిని దసరా వెళ్లాక మెదడు జ్వరం వచ్చి విశాఖపట్నం ఆస్పత్రిలో పోయింది. ఇప్పుడు మాఘమాసం. మబ్బు ఇంకా కొబ్బరిచెట్టుకే ఉంది. తెల్లవారగానే యామినీ అని పిలుస్తుంది, అది చెట్టు మొవ్వు దాకా దిగుతుంది, దాంతో ఏవో కబుర్లు చెప్పుకుంటుంది. ఊరికి మట్టుకు కబుర్లతో పొట్ట నిండదు కదా. జీడిమామిడి పూత మీద ఉన్న రోజులు ఇవి. పూతకి ఎండ కావాలి. మబ్బు ఒకేచోట తిష్ఠ వేస్తే పూత నల్లబడి మాడిపోతుంది. అప్పటికే చుట్టూ ఉన్న తోటల్లో కొమ్మలు మసి పూసినట్టున్నాయి. అంతకన్నా పెద్ద భయం మరొకటుంది. శివరాత్రి దాటినా కురవని మబ్బు లోపల గడ్డకట్టి, ఒకనాడు వడగళ్లై ఊరినంతా కొట్టేస్తుంది. ముడి విప్పితే మబ్బు తన దారిన తాను పోతుంది. తాడుని కత్తితో కోస్తే మబ్బే చిరిగిపోతుంది. చిరిగిన మబ్బులోని మనిషి వానగా రాలేరు, మబ్బుగా మిగలలేరు. విప్పుతావా, కొయ్యమంటావా అన్నది పెద్దల మాట. రెంటిలో ఏదైనా కూతురు రెండోసారి పోవడమే అన్నది కృష్ణవేణి మాట.

దేముడమ్మ సంగతి కూడా కాస్త చెప్పుకోవాలి. ఈ రెండిళ్ల మధ్య గట్టు మీద ఒక జీడిమామిడి చెట్టుంది. మొదలు వీళ్ల వైపు, కొమ్మలు వాళ్ల వైపు. రాలిన పిక్కలు ఎవరివన్న దగ్గర మొదలైన తగవు మాటలు మానేసేదాకా పోయింది. పలాస మండీలో ఆ పిక్కలకి వచ్చే డబ్బు రెండిళ్లకీ ఓ పూట కూరకి చాలదు. అయినా పంతమంటే పంతమే. అలాంటి దేముడమ్మ పెరట్లోకి రావడం చూసి ఊరి పెద్దలు కూడా రెండడుగులు వెనక్కి వేశారు. ఆవిడ నోటికి జడవని మగవాడు పొన్నవలసలో ఇంకా పుట్టలేదు. మేం మాట్లాడుకోవాలి, మీరు కాస్త వీధిలో కూర్చోండి అంటే, కత్తి పట్టుకొచ్చినవాళ్లంతా మారు మాట లేకుండా వెళ్లి అరుగుల మీద కూర్చున్నారు. నిజానికి వాళ్లకీ ఆ కత్తి ఎత్తాలని లేదు. ఎవరైనా వచ్చి ఆపితే బాగుణ్ణనే ఉంది.

దేముడమ్మ మబ్బు వైపు తలెత్తి చూసింది. తర్వాత కృష్ణవేణి చేతికి తాడు ఒరుసుకుపోయిన చోటు చూసింది. కొట్లాటకి వచ్చిన గొంతులా లేదు ఆవిడ గొంతు.

"ఒలే వేణీ, ఏటి సేత్తన్నావు నువ్వు? దీన్నెందుకిలగ కట్టీసి కూకున్నావు?"

"నా గుంట ఉన్నాదప్పా దీన్లో. ఒగ్గీమంటే ఎలగ ఒగ్గుతాను?"

దేముడమ్మ ఒక అడుగు దగ్గరికి వేసింది. ఆమె ముఖంలోకి అలాగే చూసింది. ఆ చూపులో ముందు చిరాకు ఉంది, తర్వాత అనుమానం, ఆ తర్వాత భయం. మెల్లగా గుమ్మం వైపు తిరిగి చిట్టిబాబుని చూసింది. చిట్టిబాబు గోడకి మరింత అంటుకుపోయాడు.

"నీ గుంట దీన్లో ఎందుకుంటాదే," అంది దేముడమ్మ. "కార్తీకంలో మా సేల్లో కురిసీసినాది గదా."

కృష్ణవేణికి ఆ మాట అర్థం కాలేదు. అర్థం కానివాళ్లు నవ్వినట్టు ఒక నవ్వు నవ్వింది. పూత పోతోందని దుగ్ధ కొద్దీ ఏదో కూస్తున్నావు, జీడిపిక్కల తగవులోకి నా కూతుర్ని లాగకు అంది. నేను పిలిస్తే దిగుతుంది, కావాలంటే నీ కళ్లతో చూడు అని తలెత్తి యామినీ అని పిలిచింది. మబ్బు దిగింది. కొబ్బరి మొవ్వు దాకా దిగి ఆగింది. పెరడంతా నీడ పరుచుకుంది. చూశావా అన్నట్టు కృష్ణవేణి దేముడమ్మ వైపు తిరిగింది.

దేముడమ్మ మబ్బుని చూడటం లేదు. చిట్టిబాబునే చూస్తోంది. ఇంతకాలం నీ పెళ్లానికి చెప్పలేదా అని అడిగింది. ఆ ప్రశ్న కోపంగా అడిగి ఉంటే చిట్టిబాబు ఏదో ఒకటి అనేసేవాడేమో. ఆవిడ జాలిగా అడిగింది. దాంతో ఆ మనిషి గోడ వెంబడే కిందికి జారి, గడప మీద కూర్చుండిపోయాడు.

కడుపు చించుకుంటే కాళ్ల మీద పడుతుందని ఇన్నాళ్లూ దాచుకున్నదంతా, తల ఎత్తకుండా, ఒక్కో ముక్కే చెప్పాడు. ఆస్పత్రి రోజుల్లో ఇంట్లో ఎవరూ లేరు. మబ్బుని చూసుకునే దిక్కు లేదు. కట్టేసి ఉంచితే మేత లేక చిక్కిపోతుందని పలుపు విప్పి వదిలాడు. కొండ మీద మేసి అదే వస్తుందిలే అనుకున్నాడు. ఎవరైనా అలాగే చేస్తారు. కూతురు బతికి ఇంటికి వస్తుందన్న నమ్మకం మీద ఉన్నవాడు, మబ్బు దగ్గర ఉండాలని ఎందుకనుకుంటాడు? చివరికి అంబులెన్సులో కూతుర్ని తీసుకొచ్చేసరికి ఆకాశం బోసిగా ఉంది. మోటారు సైకిలేసుకుని మందస దాకా పోయి, ఆ కొండల కింద వెతుక్కుంటూ తిరిగాడు. ఏ మందలో కలిసిపోయిందో, దొరకలేదు. పొద్దు వాలిపోతోంది. శవాన్ని ఇంక ఉంచడానికి లేదు.

అప్పుడు కూర్మయ్య వచ్చాడు. కూర్మయ్య దేముడమ్మ మొగుడు. అడక్కుండానే తమ ఇంటి మబ్బుని నడిపించుకుని శ్మశానానికి వచ్చి, ఒక్క మాటైనా మాట్లాడకుండా, పలుపు చిట్టిబాబు చేతిలో పెట్టి పక్కకెళ్లి నిలబడ్డాడు. యామిని పొగ పట్టింది ఆ మబ్బుకి. మన వైపు ఆడవాళ్లు శ్మశానానికి రారు కాబట్టి కృష్ణవేణి అది చూడలేదు. కత్తి తెచ్చిన పెద్దలెవరూ ఆ పూట అక్కడ లేరు. చూసిన మగవాళ్లు నలుగురూ, చెప్పాల్సినవాడు వాడే చెప్పుకుంటాడులే అని ఊరుకున్నారు. తర్వాత పెరట్లో మబ్బు కనిపిస్తే, పాతది తిరిగొచ్చింది కాబోలు, కూతురి గుర్తుగా ఉంచుకుందేమో అనుకున్నారు.

చిట్టిబాబు స్నానం చేసి ఇంటికి వచ్చేసరికి కృష్ణవేణి అడిగిన మొదటి మాట, మబ్బు ఏదీ అని. మేతకి పోయిందన్నాడు. మర్నాడూ అదే అడిగింది, ఆ మర్నాడూ అదే. అన్నం లేదు, నిద్ర లేదు. పెరట్లో కూర్చుని ఆకాశం చూడటమే. ఇలాగే ఉంటే రెండో ప్రాణం కూడా దక్కదని చిట్టిబాబుకి భయం పట్టుకుంది. ఒకనాడు తెల్లారగట్ల భావనపాడు వైపు పోయాడు. ఒడ్డున ఒక దిక్కులేని మబ్బు ఇసకని రాసుకుంటూ తిరుగుతోంది. తాడు వేస్తే ఒదిగింది. తెచ్చి కొబ్బరిచెట్టుకి కట్టాడు. తమ మబ్బుకన్నా అది కాస్త నలుపు. పొగ పట్టాక మబ్బు నలుపెక్కుతుంది కదా అని కృష్ణవేణి తనంతట తానే అనుకుంది. ఆ పూట రెండు ముద్దలు తింది. చిట్టిబాబు ఆ ముద్దల్ని చూశాడు. ఇక నోరు పెగల్లేదు.

అబద్ధమాడినవాడి మీద మీకూ నాకూ కోపం రావాలి. రాసేవాడిగా నేను వాడి మీద కోపం తెచ్చుకుందామనే ఈ పేజీ మొదలుపెట్టాను. ఆ రెండు ముద్దల దగ్గరికి వచ్చేసరికి నా వల్ల కాలేదు.

ఇంకా ఉంది. కార్తీకంలో కూర్మయ్య కబురంపాడు. మబ్బు నిండింది, మా మడిలోకి దిగుతోంది, నువ్వూ నీ పెళ్లామూ రండి అని. చిట్టిబాబు ఒక్కడే వెళ్లాడు. పరాయి చేలో, వెన్ను మీద ఉన్న వరిలో మోకాళ్లదాకా దిగి, కూతురి వానలో ఒంటరిగా తడిశాడు. కూర్మయ్యా దేముడమ్మా గట్టు మీద నిలబడి ఉన్నారు. తల్లి ఏదని దేముడమ్మ అడిగింది. రానందని చెప్పాడు. ఆ వాన ఎంతసేపు కురిసిందో అతనికి తెలియదు. వెలిశాక ఇంటికొచ్చాడు.

ఆ రోజు కృష్ణవేణికి గుర్తుంది. ఎందుకు గుర్తుండదు? ఊళ్లో చుక్క పడలేదు, మొగుడేమో నిలువునా తడిసి వచ్చాడు. అడిగితే టెక్కలి నుంచి వస్తుంటే వాన పట్టుకుందన్నాడు. బస్సు దిగి ఏ చెట్టు కిందైనా నిలబడకూడదా, ఉన్న ఒక్కడివీ మంచం పడితే ఎవరు చేస్తారని చివాట్లు పెట్టింది. దండెం మీది తువాలు లాక్కొచ్చి, మొగుణ్ణి పీట మీద కూర్చోబెట్టి తల తుడిచింది. మెడా వీపూ తుడిచింది. నూతి గట్టు దగ్గరికి పోయి ఆ తువాలు గట్టిగా పిండి ఆరేసింది.

కృష్ణవేణి ఇప్పుడు తన రెండు చేతులూ చూసుకుంటోంది. అరచేతులు తిప్పి చూసుకుంది, మళ్లీ తిప్పింది. తాడు ముంజేతి నుంచి వదులై జారిపోయిన సంగతి ఆమెకి తెలియలేదు.

"నాను పిండీసేను మావా," అంది. "నీ తల నానే తుడిసేను. నూతికాడ పిండీసేను దాన్ని. నువ్వు సూత్తా కూకున్నావు."

చిట్టిబాబు ఏడుస్తున్నాడు. మగవాడు పెరట్లో, వీధిలో జనం ఉండగా, నోరు తెరుచుకుని ఏడుస్తున్నాడు. నువ్వు అన్నం తిన్నావే ఆ రోజు, ఈ మబ్బుని చూసి తిన్నావే, ఎలా చెప్పమంటావు అని అదే మాట మళ్లీ మళ్లీ అంటున్నాడు. కృష్ణవేణి అతన్ని తిట్టలేదు. తిడితే బాగుండునని అతనికి ఉంది. ఆమె అతని పక్కనుంచి చూపు తిప్పేసుకుంది. అది తిట్టుకన్నా ఎక్కువగా తగిలింది.

దేముడమ్మకి కూడా కడుపులో ఒకటి ఉండిపోయింది. ఇన్ని నెలలుగా ఆవిడ అనుకున్నది వేరు. కృష్ణవేణికి అంతా తెలుసనీ, తెలిసి కూడా గట్టు మీది చెట్టు కోసం పట్టిన పంతం విడవలేక, సొంత కూతురు కురిసిన చేలోకి అడుగుపెట్టలేదనీ అనుకుంది. ఇలాంటి తల్లి కూడా ఉంటుందా అని మొగుడి దగ్గర నానా మాటలూ అంది. ఇప్పుడు ఆ మాటలన్నీ వెనక్కి వచ్చి తనకే తగిలాయి. పక్కన చతికిలబడి కృష్ణవేణి మోకాలి మీద చెయ్యి వేసింది.

"ఆ మడి దాన్యం మేం ముట్టుకోనేదే. యేరేగా పురి కట్టించి ఉంచేను. తొలి గింజ నీది గదా. నువ్వొత్తావనే సూసేను. సంకురాత్రి ఎల్లిపోనాది, నువ్వు రానేదు. నీకు సెట్టే ఎక్కువైపోనాదనుకున్నాను. తప్పు నాదే, నానే వొచ్చి పిలవాల్సింది."

కృష్ణవేణి లేచి నిలబడింది. పద అంది.

ఇద్దరాడవాళ్లూ వీధిలోంచి నడిచి వెళ్తుంటే అరుగుల మీదివాళ్లు లేచి నిలబడ్డారు. వెనకాల చిట్టిబాబు. కూర్మయ్య ఇంటి ముందర ధాన్యం పోసి గడ్డితాడు చుట్టి కట్టిన పెద్ద పురి ఒకటి, దాని పక్కన మొలెత్తు కూడా లేని చిన్న పురి ఒకటి ఉన్నాయి. ఆ చిన్నదాన్ని కూర్మయ్య తనే విప్పాడు. మిల్లుకి పంపితే వేరే ధాన్యంలో కలుస్తుందని దేముడమ్మ ఒప్పుకోలేదు. ఎప్పుడో మూలన పడేసిన రోలు కడిగి, రోకలి తీసి తానే దంచింది. కృష్ణవేణి చెరగబోతే గింజలు చేట అంచు దాటి జారుతున్నాయి. కూర్మయ్య చేట అందుకుని, మగవాడైనా తనే చెరిగాడు. వంటింట్లో గ్యాసు పొయ్యి మీద ఎసరు పెట్టారు. అన్నం ఉడుకుతుండగా కృష్ణవేణి, తనలో తాను అనుకున్నట్టు, ఆ వాన ఎలా కురిసిందని అడిగింది. దేముడమ్మ ఆలోచించి, సన్నగా కురిసింది, గాలి లేదు, వరి వెన్ను కూడా వంగలేదు అని చెప్పింది. అది విని కృష్ణవేణి తల ఊపింది. యామిని నడిచినా ఇంట్లో చప్పుడయ్యేది కాదు.

కూరా లేదు, నారా లేదు. ఆ తొలి ముద్ద వట్టిదే తినాలి. కృష్ణవేణికీ చిట్టిబాబుకీ పక్కపక్కన కంచాలు పెట్టింది దేముడమ్మ. ముద్ద నోట్లో పెట్టుకునేటప్పుడు కృష్ణవేణి ఏం తెలుస్తుందనుకుందో ఆమెకే తెలియదు. ఏదో తెలుస్తుందనుకుంది. ఏమీ తెలియలేదు. కొత్త బియ్యం కాబట్టి అన్నం కాస్త ముద్దయింది. అంతే.

"మెత్తబడిపోనాది," అంది కృష్ణవేణి. "దానికి మెత్తనన్నం పడదు. లేసి ఎలిపోయేది కంచం కాడినుంచి."

అంటూనే ఆమెకి ఏడుపొచ్చింది. కూతురు పోయిన నాటి నుంచి ఆమె ఏడవలేదని ఊరంతా చెప్పుకునేది. మబ్బు ఉండగా ఏడుపెందుకు? ఇప్పుడు ఎంగిలి చేత్తో, పంతం పట్టిన ఇంటి వంటింట్లో, కంచం ముందర కూర్చుని ఏడ్చింది. దేముడమ్మ ఆపలేదు. తిను, అన్నం వదలకూడదు, తిను అని మాత్రం వీపు రాస్తూ అంటూ ఉంది. కృష్ణవేణి ఏడుస్తూనే చివరి మెతుకుదాకా తింది. యామిని పోయింది. కార్తీకంలోనే పోయింది. ఆ సంగతి తల్లికి మాఘంలో తెలిసింది.

చెయ్యి కడుక్కుని వచ్చాక కృష్ణవేణి గుమ్మంలో ఆగిపోయింది. అక్కణ్నుంచి తమ పెరటి కొబ్బరిచెట్టు కనిపిస్తుంది, దాని మీద మబ్బూ కనిపిస్తుంది. ఆమె దేముడమ్మ చెయ్యి పట్టుకుని అడిగింది.

"మరి నాను పిలిత్తే దిగింది ఎవలప్పా?"

దేముడమ్మ కూడా తలెత్తి అటే చూసింది. ఒట్టి మబ్బైతే దిగదు. ఒకరి పేరు పెట్టి పిలిస్తే ఇంకొకరు దిగరు. అది పుట్టి బుద్ధెరిగిన నాటి నుంచీ అందరికీ తెలిసిన సంగతే. అలాంటిది రోజూ యామినీ అంటే ఎవరో దిగారు.

కృష్ణవేణి ఇంటికొచ్చింది. ఊరంతా పెరటి చుట్టూ చేరింది. ఎవరూ అడక్కముందే కొబ్బరిచెట్టు మొదట్లో వంగి పలుపు ముడి విప్పింది. వెళ్లిపో అంది. పడమటి గాలి తోస్తూనే ఉంది. మబ్బు కదల్లేదు. మరోసారి అంది. కదలకపోగా, పిలవకుండానే, కొబ్బరి మొవ్వు దాటి, ఇంటి పెంకుల దాకా, ఆమె తల మీదికి దిగింది. అంత కిందికి అది ఎప్పుడూ దిగలేదు. ఆమె ముఖం పైకెత్తింది. రెండు మూడు చుక్కలు పడ్డాయి. ఒకటి పెదవి మీద పడింది.

నాలుకతో తడిమి చూసుకుని కృష్ణవేణి అలా నిలబడిపోయింది. చుట్టూ ఉన్నవాళ్లకి ఏమైందో తెలియలేదు. ఉప్పగా ఉంది, అంది.

ఉప్పు అన్న మాట వినగానే పెద్దల్లో ఒకడు తలపాగా తీసి చేత్తో పట్టుకున్నాడు. కత్తి తెచ్చింది అతనే. చితి మీద కాలినవాళ్ల వాన తియ్యగా ఉంటుంది. సముద్రం మింగినవాళ్లకి చితి ఉండదు, పొగ ఉండదు. వాళ్లు నీటిలోంచే ఆవిరై లేస్తారు, ఏ ఇంటి మబ్బూ కాని మబ్బై, ఒడ్డు చేరుకుని ఇంటిదారి వెతుక్కుంటారు. అందుకే సముద్రం మీంచి వచ్చే మబ్బుకి తాడు వెయ్యకూడదని భావనపాడు పల్లెలో పసిపిల్లలకి కూడా తెలుసు. జీడితోటల చిట్టిబాబుకి తెలియలేదు. ఎవరి బిడ్డో ఇంటికి పోతూ ఉంటే దారిలో పట్టుకుని, తెచ్చి కొబ్బరిచెట్టుకి కట్టేశాడు. తన పేరు పెట్టి పిలిచేవాళ్లు లేక, ఆ ప్రాణం పరాయి పేరుకైనా పలికింది.

చిట్టిబాబు రెండు చేతులతో ముఖం కప్పుకున్నాడు. ఈసారి అతన్ని ఎవరూ చూడటం లేదు.

పెద్దలు తమలో తాము మాట్లాడుకున్నారు. ముడి విప్పేశాం కదా, ఉండీ ఉండీ అదే పోతుందిలే అన్నారు. పోదని కృష్ణవేణికి తెలుసు. కట్టేసి ఉంచి, లేనిపోని పేరు అలవాటు చేసి, దాని దారి దాన్ని మరిచిపోయేట్టు చేసింది తనే. వంగి తాడు అందుకుంది. ముంజేతికి చుట్టుకోలేదు. పసిపిల్ల చెయ్యి పట్టుకున్నంత వదులుగా పట్టుకుంది.

"యే తల్లో సముద్రం కేసి సూత్తా కూకుంటాది," అంది. "అప్పగించొత్తాను."

ఎక్కడని అప్పగిస్తావు, ఎవరని అడుగుతావు అన్నారు. శివరాత్రి లోపల ఆ తల్లి దొరక్కపోతే దారిలోనే నీ నెత్తిన వడగళ్లై పడుతుందన్నారు. దేముడమ్మ వాళ్లని నోరుముయ్యమంది. చిట్టిబాబు బండి తీస్తానన్నాడు. మబ్బు బండితో సమంగా రాలేదు, నడిచే పోవాలి అంది కృష్ణవేణి. చూపు తిప్పేసుకున్నాక ఆమె మొగుడితో సూటిగా అన్న మొదటి మాట అది. అతను లోపలికి పరిగెత్తి ఆమె చెప్పులు తెచ్చి కాళ్ల ముందు పెట్టాడు. తొడుక్కుంది. తర్వాత నాలుగడుగుల దూరంలో వెనకాలే నడిచాడు. ఆమె రావద్దనీ అనలేదు, రమ్మనీ అనలేదు.

మబ్బు ఊరు దాటుతుంటే దాని నీడ ఒక్కో తోట మీంచి జరిగిపోయింది. వెనకాల పూత మీద ఎండ పడింది. జనం ఊరి చివరిదాకా వచ్చి ఆగిపోయారు.

ఊరి దారి తారురోడ్డులో కలిసేచోట కుడివైపుకి తిరిగితే భావనపాడు, ఎడమవైపుకి తిరిగితే పలాస. ఉప్పునీటి మనిషి కాబట్టి చేపలు పట్టే పల్లెవాళ్ల బిడ్డే అయి ఉంటుందని కృష్ణవేణి కుడివైపు తిరిగింది. నాలుగడుగులు వేసేసరికి తాడు బిగుసుకుంది. గాలేమో అనుకుంది. గాలి అటు లేదు. ఇంకో అడుగు వేసింది. తాడు వెనక్కి గుంజింది.

తిరిగి చూస్తే మబ్బు రోడ్డు మధ్యలో ఆగి ఉంది. సముద్రం వైపు రావడం లేదు. ఎడమవైపుకి, పలాస వైపుకి లాగుతోంది. అటు వెళ్లే ఆటోలు కొన్ని ఆగాయి. జీడిపప్పు కార్ఖానాలకి పనికి పోతున్న ఆడవాళ్లు తలలు బయటికి పెట్టి చూస్తున్నారు. ఒక ఆటోలోంచి ఎవరో పెద్దావిడ, అందరూ చూస్తున్నట్టు కృష్ణవేణిని కాక, పైన మబ్బునే రెప్పవేయకుండా చూస్తోంది. ఆవిడ పెదవులు కదిలాయి. ఏ పేరో వినపడలేదు.

మబ్బు ఆ ఆటో మీదికి దిగడం మొదలుపెట్టింది. కృష్ణవేణి తాడు వదిలేసింది.